మార్త అంటే అమ్మగారు

(విశాఖ పాతబస్తీలో ఒక ఆదివారం సాయంత్రం జరిగిన ప్రసంగం. రాలేకపోయినవాళ్ళు అడిగితే రికార్డింగు విని టైపు చేశాం. తడబాట్లు మాత్రం తీసేశాం, మిగతాదంతా మాట్లాడినట్టే ఉంచాం.)

అందరికీ నమస్కారం. వెనక నిలబడ్డవాళ్ళు ముందుకు వచ్చి కూర్చోండి, ఈ పక్కన కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి. ఫ్యాను చప్పుడుకి నా మాట వినపడకపోతే చెయ్యెత్తండి, గట్టిగా చెబుతాను.

ఇవాళ ఒక్క పేరు గురించి మాట్లాడదామని వచ్చాను. ఒక్కటంటే ఒక్కటే. మార్త. మన ఊళ్ళో ఈ పేరు తెలియనివాళ్ళు ఉంటారా? జ్ఞానాపురం వెళ్ళి వీధి మొదట్లో నిలబడి "మార్తమ్మా" అని పిలవండి, తప్పకుండా ఎవరో ఒకరు పలుకుతారు. మార్త, మార్తమ్మ, మేరీ మార్త, మార్త కుమారి, ఇలా ఎన్ని రకాలుగా పెట్టుకున్నామో. ఇక్కడున్నవాళ్ళలో మీ ఇంట్లోనో మీ వీధిలోనో మార్త ఉన్నవాళ్ళు చేతులెత్తండి చూద్దాం. చూశారా, సగం మందికి పైనే.

సరే, ఇప్పుడు రెండో ప్రశ్న. మార్త అంటే ఏమిటి? చెప్పండమ్మా. "పనిమంతురాలు." ఇంకా? "వంటలు చేసే ఆవిడ." ఇంకెవరు? ఆ వెనక బాబు ఫోన్లో చూసి చెబుతున్నాడు, "చేదు" అట. ఈ మూడు జవాబులూ నేను చాలాసార్లు విన్నాను. ఈ మూడూ కాదని చెప్పడానికే వచ్చాను. ఊరికే కాదని చెప్పి వెళ్ళిపోను, ఎందుకు కాదో, మరి ఏమిటో, ఆ మాట ఎక్కడి నుంచి మన దాకా నడిచి వచ్చిందో చెప్పి వెళతాను.

ముందు అర్థం చెప్పేస్తాను, తర్వాత కథ. మార్త అనేది అరామిక్ భాష మాట. ఆ భాషలో "మారె" అంటే ప్రభువు, యజమాని, దొర. అది మగవాళ్ళకి. దానికే ఆడవాళ్ళకి వాడే రూపం "మార్తా". దొర, దొరసాని అంటాం కదా, అచ్చం అలాగే. అంటే మార్త అంటే దొరసాని, ఇంటి యజమానురాలు, మన వైపు ఊళ్ళల్లో అన్నట్టు చెప్పాలంటే అమ్మగోరు. చివర ఆ "తా" అనేదానిలో "త్" స్త్రీలింగానికి గుర్తు, దాని మీద ఉన్న "ఆ" ఫలానా ఆమె అని వేలు పెట్టి చూపించడానికి. ఎవరో ఒక దొరసాని కాదు, ఆ దొరసాని.

ఆ "చేదు" ఎక్కడి నుంచి వచ్చిందో కూడా చెబుతాను, ఆ బాబు తప్పేం లేదు. హెబ్రీలో "మారా" అంటే చేదు. రూతు గ్రంథంలో నయోమి భర్తనీ ఇద్దరు కొడుకులనీ పోగొట్టుకుని ఊరికి తిరిగి వచ్చి, నన్ను నయోమి అనకండి, మారా అనండి అని ఏడుస్తుంది, గుర్తుందా? ఆ మారా వేరు, ఈ మార్త వేరు. అక్షరాలు దగ్గరగా ఉన్నాయి గానీ వేర్లు కలవవు. ఎవరో రెండింటినీ కలిపేశారు, పేర్ల జాబితాలు పెట్టేవాళ్ళు ఒకరిని చూసి ఒకరు ఎక్కించేసుకున్నారు. అమ్మానాన్నా ముచ్చటపడి పెట్టిన పేరుకి "చేదు" అని అర్థం చదివి ఎంతమంది ఆడపిల్లలు చిన్నబుచ్చుకుని ఉంటారో, నాకది తలుచుకుంటే బాధగా ఉంటుంది. ఇంకొకటి కూడా చెప్పేస్తాను, మన సంస్కృతంలో మార్తాండుడు ఉన్నాడు, మర్త్యుడు ఉన్నాడు. వాటికీ మార్తకీ ఏ చుట్టరికమూ లేదు.

ఇప్పుడు అరామిక్ అంటే ఏమిటో చెప్పుకోవాలి. చాలామంది అదేదో బైబిల్లో మాత్రమే ఉండే భాష అనుకుంటారు. కాదండీ. ఇప్పటి సిరియా ప్రాంతంలో, దమస్కు చుట్టుపక్కల అరామీయులు అనే జనం మాట్లాడిన భాష. వాళ్ళ రాజ్యాలు పెద్దవి కావు, ఎక్కువ కాలం నిలవలేదు కూడా. కానీ భాష మాత్రం రాజ్యాల్ని మించిపోయింది. అష్షూరు వాళ్ళు వాడారు, బబులోను వాళ్ళు వాడారు, ఆ తర్వాత పారసీక చక్రవర్తులు ఏకంగా దాన్ని తమ కచేరీ భాష చేసుకున్నారు. ఈజిప్టు నుంచి సింధు నది దాకా ఎవరైనా ఒక అధికారికి అర్జీ పెట్టుకోవాలంటే అరామిక్‌లో రాయాల్సిందే. ఈజిప్టులో నైలు నది మధ్య ఏనుగుల దీవి, ఎలిఫంటైన్ అంటారు, అక్కడున్న యూదులు క్రీస్తుపూర్వం 407లో యూదయ అధిపతికి రాసుకున్న అర్జీ పాపిరస్ మీద దొరికింది. మా గుడి పడగొట్టారు, తిరిగి కట్టుకోనివ్వండి అని దాని సారాంశం. ఎలా మొదలవుతుందో తెలుసా? "మారన్" అని, అంటే మా ప్రభువుల వారికి అని. మన తాతలు ఉత్తరం పైన మ.రా.రా.శ్రీ అని రాసేవాళ్ళు కదా, అక్కడ ఆ చోటులో "మారన్" ఉంటుంది.

ఇప్పుడు మనకి దగ్గరయ్యే మాట ఒకటి చెబుతాను. మనం కూర్చున్న ఈ నేల ఒకప్పుడు కళింగం కదా. కళింగం అనగానే ఎవరు గుర్తొస్తారు? అశోకుడు. క్రీస్తుపూర్వం 261 ప్రాంతంలో కళింగ యుద్ధం చేసి, ఆ చావులు చూసి మనసు మారిందని ఆయనే చెక్కించుకున్నాడు. ఆయన శాసనాలు మన ఎర్రగుడిలో ఉన్నాయి, ప్రాకృతంలో. కానీ ఆయన రాజ్యం పడమటి కొసన, ఇప్పటి ఆఫ్ఘనిస్తాన్‌లోని కాందహార్‌లో, 1958లో ఒక శాసనం బయటపడింది. అది రెండు భాషల్లో ఉంది. పైన గ్రీకు, కింద అరామిక్. ఆ అరామిక్ భాగంలో అశోకుణ్ణి ఏమని రాశారనుకుంటున్నారు? "మారన్ ప్రియదర్శి రాజు" అని. మన ప్రభువైన ప్రియదర్శి రాజు అని.

కాసేపు ఆగి ఆలోచించండి. మార్తమ్మ పేరులో ఉన్న "మార్", కళింగం మీదికి దండెత్తి వచ్చిన అశోకుడి ముందు బిరుదుగా పెట్టిన "మార్", రెండూ ఒకటే. ఇది నేను మొదటిసారి చదివినప్పుడు ఆ రాత్రి నిద్రపట్టలేదు. మనం ఏదో దూరదేశపు పేరు, తెల్లదొరలు తెచ్చిన పేరు అనుకుంటాం. తెల్లదొరలు పుట్టక ముందే ఆ మాట మౌర్యుల రాజ్యంలో రాతి మీద ఉంది!

ఇంకా ఉంది. మన దగ్గర మరనాత అనే మాట చర్చీల పేర్లలో, ప్రార్థన కూటాల పేర్లలో వింటుంటాం. కొరింథీయులకు రాసిన మొదటి పత్రిక చివర, 16వ అధ్యాయం 22వ వచనంలో, గ్రీకు పత్రిక మధ్యలో పౌలు ఉన్నట్టుండి అరామిక్ మాట రాస్తాడు. "మారన థా" అని విడదీస్తే "మా ప్రభువా, రా" అని. "మారన్ అథా" అని విడదీస్తే "మా ప్రభువు వచ్చాడు" అని. ఎలా విడదీసినా ముందున్నది మారన్. అర్జీలో మారన్, అశోకుడికి మారన్, ప్రార్థనలో మారన్. దానియేలు గ్రంథంలో కొంత భాగం అరామిక్‌లోనే ఉంది కదా, అక్కడ కూడా 2వ అధ్యాయం 47లో నెబుకద్నెజరు దేవుణ్ణి "రాజులకు ప్రభువు" అన్నప్పుడు వాడిన మాట ఈ "మారె" యే.

మన షిప్‌యార్డులో, నేవీలో, స్టీల్‌ప్లాంటులో పనిచేసే మలయాళీ స్నేహితులు చాలామందికి ఉన్నారు. వాళ్ళని అడగండి, మీ బిషప్పుని ఏమంటారు అని. "మార్" అంటారు. మార్ తోమా అని వినలేదూ? అదే మాట. కేరళ సిరియన్ క్రైస్తవులు వందల ఏళ్ళుగా సిరియాక్‌లో, అంటే అరామిక్‌లోనే ఒక శాఖలో, ఆరాధన చేసుకుంటూ వచ్చారు. మరి మరియమ్మని ఏమంటారు? "మార్త్ మరియం" అంటారు. కురవిలంగాడులో, త్రిశూరులో ఆ పేరుతో పెద్ద చర్చీలున్నాయి. మార్త్ అంటే మార్తే! అమ్మగారు మరియమ్మ అని. మనం రాస్ కొండ ఎక్కి మేరీమాత అని దండం పెట్టుకుంటామే, అక్కడ మనం "మాత" అన్న చోట వాళ్ళు "మార్త్" అంటారు. కాబట్టి ఎవరైనా మేరీ గొప్పది, మార్త తక్కువది అంటే ఈ మాట చెప్పండి. మేరీని గౌరవించడానికి ఆమె పేరు ముందు పెట్టిన మాటే మార్త.

ఈ పేరు పెట్టుకున్న ఇద్దరు ఆడవాళ్ళు

బైబిలు మార్త దగ్గరికి వెళ్ళే ముందు, ఇంకో ఇద్దరు మార్తల్ని మీకు పరిచయం చేయాలి. వీళ్ళ గురించి మనవాళ్ళకి ఎవరూ చెప్పరు.

మొదటావిడ సిరియా నుంచి రోముకు వెళ్ళింది. క్రీస్తుకు వంద ఏళ్ళు ముందు. అంటే ఈ పేరు క్రైస్తవం కంటే పాతది, అది గుర్తు పెట్టుకోండి. ప్లూటార్క్ అనే చరిత్రకారుడు రోమన్ సేనాని మారియస్ జీవితం రాస్తూ ఈమె గురించి చెప్పాడు. ఈమె సోదె చెప్పేది. ముందు రోము సెనేటు దగ్గరికి వెళితే అక్కడ ఎవరూ పట్టించుకోలేదు. తర్వాత ఆడవాళ్ళలో పేరు సంపాదించింది. కత్తి యుద్ధాల పోటీలప్పుడు మారియస్ భార్య పక్కన కూర్చుని, ఇదిగో వీడు గెలుస్తాడు అని ముందే చెప్పిందట, అలాగే జరిగిందట. ఆవిడ ఈమెను భర్త దగ్గరికి పంపింది. అప్పుడు మారియస్ ఉత్తర దిక్కు నుంచి దిగివచ్చిన ట్యుటన్లు అనే తెగ మీద యుద్ధానికి వెళుతున్నాడు, అది క్రీస్తుపూర్వం 102 నాటి సంగతి. ఆ సైన్యంతో పాటు ఈ మార్తని పల్లకీలో మోసుకు తిరిగారు. బలులిచ్చేటప్పుడు రెండుసార్లు అద్దకం వేసిన ఊదారంగు వస్త్రం కప్పుకుని, పూలదండలు చుట్టిన ఈటె పట్టుకుని వచ్చేదట. ఊహించుకోండి. ఏ కోటకీ రాణి కాదు, పరాయి దేశం నుంచి వచ్చిన ఒంటరి ఆడమనిషి, రోమన్ సైన్యం ఆమెను పల్లకీలో మోస్తోంది. పేరుకి తగ్గట్టే ఉంది కదూ?

రెండో ఆవిడ యెరూషలేములో ఉండేది. బోయెతు అనే పెద్ద యాజక కుటుంబపు ఆడపడుచు, చాలా డబ్బున్న మనిషి. మొదటి భర్త పోయాడు. యెహోషువ బెన్ గమ్లా అనే ఆయనతో పెళ్ళి కుదిరింది, ఆయన ప్రధాన యాజకుడయ్యాడు. ఆ పదవి కోసం ఈమె రాజుకి దీనారాలు కొలిచి పోసిందని యూదుల పెద్ద ధర్మగ్రంథం తల్మూదులో రాసి ఉంది. ఇక్కడ ఒక మంచి మాట కూడా చెప్పాలి, ఆ బెన్ గమ్లాని యూదులు ఇప్పటికీ తలుచుకుంటారు, ఎందుకంటే ప్రతి ఊళ్ళో పిల్లలకి ఆరేడేళ్ళకే బడి ఉండాలని ఏర్పాటు చేసింది ఆయనే అని.

ఆ తర్వాత రోమన్లు యెరూషలేముని చుట్టుముట్టారు. లోపల కరువు. క్రీస్తుశకం 70లో నగరం కూలింది, ఇది దానికి ముందు మాట. తల్మూదులో గిట్టీన్ అనే భాగంలో ఈ కథ ఉంది. మార్త పనివాణ్ణి పిలిచి, వెళ్ళి మేలురకం పిండి తెమ్మంది. వాడు వెళ్ళేసరికి అది అయిపోయింది. తిరిగి వచ్చి, మేలురకం లేదమ్మా, తెల్లపిండి ఉంది అన్నాడు. సరే అదే తే అంది. మళ్ళీ వెళ్ళేసరికి అదీ అయిపోయింది. ముతకపిండి ఉందమ్మా అన్నాడు. తే అంది. వెళ్ళేసరికి అదీ లేదు. బార్లీపిండి ఉందమ్మా అన్నాడు. అదైనా తే అంది. వెళ్ళేసరికి అదీ లేదు. అప్పుడు ఆమె చెప్పులైనా వేసుకోకుండా, నేనే వెళ్ళి తినడానికేమైనా దొరుకుతుందేమో చూస్తానని వీధిలోకి వచ్చింది. పేడ పాదానికి అంటింది, ఆ తాకిడికే ప్రాణం పోయిందట. పోయే ముందు తన వెండీ బంగారం తెచ్చి వీధిలో పారబోసి, ఇవి నాకిప్పుడు దేనికి పనికొస్తాయి అందట.

ఎందుకు చెప్పానీ కథ? ఆ రోజుల్లో యెరూషలేము చుట్టుపక్కల ఆడపిల్లలకి మరియ, సలోమె అనే పేర్లు అందరికంటే ఎక్కువ ఉండేవి. వాటి తర్వాత వచ్చే కొద్ది పేర్లలో మార్త ఒకటి. చనిపోయినవాళ్ళ ఎముకలు దాచే రాతిపెట్టెల మీద కూడా ఈ పేరు చెక్కి ఉంది. ధనవంతులూ పెట్టుకున్నారు, మామూలువాళ్ళూ పెట్టుకున్నారు. ఆడపిల్ల పుట్టగానే "దొరసాని" అని పిలుచుకోవాలని ఏ తల్లికి ఉండదు చెప్పండి? మనం మహారాణి అని, దొరసానమ్మ అని పెట్టుకోలేదూ?

బేతనియ మార్త

ఇక మన మార్త. బేతనియ, యెరూషలేముకి సుమారు 3 కిలోమీటర్లు, ఒలీవల కొండ అవతలి వైపు. ఇప్పుడు ఆ ఊరిని అరబ్బులో అల్ ఐజరియ్య అంటారు, లాజరు పేరు మీదుగా. తమ్ముడో అన్నో గానీ ఊరికి పేరిచ్చింది లాజరే, సరే. కానీ లూకా సువార్త 10వ అధ్యాయం 38వ వచనం తెరిచి చూడండి. యేసుని చేర్చుకున్న ఇల్లు ఎవరిది? లాజరు ఇల్లు అని రాయలేదు. మార్త ఆయనను తన ఇంట చేర్చుకుంది. ఇంటి యజమానురాలు ఆమే. పేరుకి అర్థం ఏమిటో, ఆమె చేసిన పని కూడా అదే. వచ్చినవాళ్ళకి తలుపు తీయాలా వద్దా అనేది ఎవరి చేతిలో ఉంటుందండీ? ఇల్లుగలవాళ్ళ చేతిలోనే కదా.

మన ప్రసంగాల్లో ఈమెని ఎలా చెబుతాం? మార్త తోబుట్టువు మరియ యేసు పాదాల దగ్గర కూర్చుని విన్నది, మార్త వంటింట్లో గిన్నెల చప్పుడు చేస్తూ విసుక్కున్నది. మరియలా ఉండండి, మార్తలా ఉండకండి. ఆమెన్. అయిపోయింది. ఆ కూటానికి వచ్చిన మార్తమ్మలు తల దించుకుని ఇంటికి వెళతారు, వెళ్ళి అందరికీ అన్నం వండుతారు. అవునా కాదా? నేను ఆ వాక్యాన్ని కాదనడం లేదు. యేసు ఆమెతో నీవు చాలా వాటి గురించి తొందరపడుతున్నావు అన్నాడు, ఆ మాట ఉంది. కానీ ఎలా అన్నాడు? "మార్తా, మార్తా" అని రెండుసార్లు పేరు పెట్టి పిలిచి అన్నాడు. అరామిక్ తెలిసిన చెవికి అది "అమ్మగారూ, అమ్మగారూ" అని వినపడుతుంది. తిట్టేవాళ్ళు అలా పిలుస్తారా?

పైగా ఆమె కథ అక్కడితో అయిపోలేదు. యోహాను 11వ అధ్యాయం చదవండి, మొత్తం చదవండి, కన్నీళ్ళు పెట్టుకున్న వచనం ఒక్కటే చదివి ఆపేయకండి. లాజరు పోయాడు. యేసు వస్తున్నాడని తెలియగానే లేచి ఊరి బయటికి ఎదురెళ్ళింది ఎవరు? మార్త. మరియ ఇంట్లో కూర్చునే ఉంది. ఎదురెళ్ళి, మీరు ఇక్కడ ఉండి ఉంటే నా సహోదరుడు చనిపోయేవాడు కాదు అని ముఖం మీదే అనేసింది. ఎంత చనువు, ఎంత బాధ, ఎంత ధైర్యం! ఆ తర్వాత 27వ వచనంలో, నీవు దేవుని కుమారుడవైన క్రీస్తువని నమ్ముతున్నాను అని చెప్పింది. ఈ మాట పేతురు చెప్పినందుకు మనం పేతురుని ఎంత మెచ్చుకుంటాం! అదే మాట ఈమె చెప్పింది, అది కూడా తన ఇంట్లో చావు జరిగి నాలుగు రోజులైన రోజున. దాని మీద ఎన్ని ప్రసంగాలు విన్నారు మీరు? చెప్పండి. పెద్దాయన తల అడ్డంగా ఊపుతున్నారు.

ఇక్కడ ఇంకొకటి గమనించండి. సువార్త మనకి గ్రీకులో వచ్చింది, అక్కడ మార్త ఆయనని "ప్రభువా" అంటుంది. వాళ్ళ ఊరి భాష అరామిక్. ఆ సంభాషణ ఆ భాషలోనే జరిగిందనుకుంటే, ప్రభువా అనడానికి ఆమె నోట వచ్చే మాట "మారి". ఆయన ఆమెను "మార్తా" అంటాడు, ఆమె ఆయనను "మారి" అంటుంది. దొరసానీ అని ఆయన, దొరా అని ఈమె. ఒకే వేరు నుంచి వచ్చిన రెండు పిలుపులు ఒకరికొకరు ఎదురుగా నిలబడ్డాయి. నాకు ఈ పేరు మీద ఇంత ఇష్టం పెరగడానికి కారణం అదే, దాచుకోను.

తెలుగులోకి ఈ పేరు ఎలా వచ్చిందో చెబుతాను, ఎందుకంటే ఇందులో మన ఊరికి వాటా ఉంది. 1805లో లండన్ మిషన్ వాళ్ళు ఇద్దరు, జార్జి క్రాన్, అగస్టస్ దె గ్రాంజ్, విశాఖపట్నంలో దిగారు. తెలుగు నేర్చుకున్నారు. ఆనందరాయర్ అని, బ్రాహ్మణ కుటుంబంలో పుట్టి క్రైస్తవం తీసుకున్న పండితుడు వాళ్ళతో కలిశాడు. ఆయన లేకపోతే ఆ పని నడిచేది కాదు, ఆయన పేరు మనం మర్చిపోకూడదు. క్రాన్ 1809లో పోయాడు, దె గ్రాంజ్ 1810లో పోయాడు. వాళ్ళు చేసిన మత్తయి, మార్కు, లూకా సువార్తల తెలుగు అనువాదం 1812లో శ్రీరాంపూరులో అచ్చయింది. అంతకు ముందు 18వ శతాబ్దంలో బెంజమిన్ షుల్జ్ అనే ఆయన తెలుగులోకి అనువాదం చేశాడు గానీ అది అచ్చుకి రాలేదు. అంటే మార్త కథ ఉన్న లూకా సువార్త అచ్చు తెలుగులోకి వచ్చింది విశాఖపట్నంలో కూర్చుని చేసిన పనివల్ల. ఈ పాతబస్తీ గాలిలో, ఈ సముద్రపు ఉక్కపోతలో, ముగ్గురు మనుషులు కూర్చుని "మార్త" అని తెలుగు అక్షరాల్లో రాశారు. తర్వాత ఎడ్వర్డ్ ప్రిచెట్ ఆ పని అందుకున్నాడు, ఆయన కొత్త నిబంధన 1818లో మద్రాసులో అచ్చయింది.

ఆ తర్వాతే అసలు సంగతి. 19వ శతాబ్దంలో మాల మాదిగ పల్లెల్లోంచి వేలమంది క్రైస్తవంలోకి వచ్చారు. 1878 జూలై 3న ఒంగోలు దగ్గర వెల్లంపల్లిలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం తీసుకున్నారు. మన ఉత్తరాంధ్ర వైపు కెనడియన్ బాప్టిస్టు మిషన్ వాళ్ళు తిరిగారు. బాప్తిస్మంతో పాటు కొత్త పేర్లు వచ్చాయి. మరియమ్మ, మార్తమ్మ, శాంతమ్మ, ఎస్తేరమ్మ. అంతకు ముందు ఆ వాడల్లో ఆడవాళ్ళని మోతుబరులు ఏమని పిలిచేవాళ్ళు? ఏమే, ఒసే, అదీ ఇదీ. పోలమ్మ అని పెట్టుకుంటే "పోలీ" అనేవాళ్ళు. పేరు చివర "అమ్మ" అనడానికి నోరు వచ్చేది కాదు. పెద్ద వయసు మనిషినైనా సరే, పసిపిల్లాడు కూడా ఒసే అనే రోజులవి. పొలంలో నాట్లు వేసి, వాళ్ళ గుమ్మంలో అడుగు పెట్టడానికి లేని మనిషి, మార్త అనే పేరు పెట్టుకుంది. పిలిచేవాడికి ఆ పేరుకి అర్థం తెలియదు, పలికే ఆవిడకీ తెలియదు. కానీ "ఏయ్ మార్తా" అని కసిరిన ప్రతిసారీ ఆ దొర తన నోటితో తనే ఆమెను దొరసానీ అన్నాడు! ఇది నేను కల్పించి చెప్పేది కాదు, ఆ మాట అర్థమే అది. మన నాయనమ్మలు, అమ్మమ్మలు బతికి ఉండగా ఈ సంగతి వాళ్ళకి చెప్పేవాళ్ళు ఎవరూ లేకపోయారు. నాకున్న కోపం ఒకటే, ఇన్ని వేల ప్రసంగాలు జరిగాయి, ఒక్కరైనా వాళ్ళకి ఇది చెప్పి ఉండొచ్చు కదా.

మన తెలుగు బైబిలులోనే దీనికి సాక్ష్యం ఉంది చూడండి. యోహాను రాసిన రెండో పత్రిక మొదటి వచనం. ఏర్పరచబడినదైన ఎవరికి రాశాడు? "అమ్మగారికి". అక్కడ గ్రీకులో ఉన్న మాట "కురియ", అంటే గ్రీకులో మార్తకి సరిసమానమైన మాట, ప్రభువు అనే మాటకి స్త్రీలింగం. మన అనువాదకులు దాన్ని ఎంత చక్కగా అమ్మగారు అన్నారు! కాబట్టి మార్త అంటే అమ్మగారు అని నేను మొదట్లో అన్నది నా సొంత పైత్యం కాదు, పుస్తకంలో ఉన్నదే.

మిగతా దేశాల సంగతి రెండు ముక్కల్లో చెప్పేస్తాను, టైము అయిపోతోంది. రష్యాలో ఇదే పేరు మార్ఫా అయింది. 15వ శతాబ్దంలో నొవ్‌గొరోద్ అనే నగరంలో మార్ఫా బొరెత్‌స్కయా అనే ఆవిడ మాస్కో రాజు మూడో ఇవాన్‌కి లొంగకుండా నగరాన్ని నిలబెట్టింది, 1478లో గానీ అది మాస్కో చేతికి చిక్కలేదు. ఫ్రాన్సు దక్షిణాన తరస్కొన్ అనే ఊరివాళ్ళు, మార్త మా ఊరు వచ్చి తరాస్క్ అనే భయంకరమైన జంతువుని పవిత్రజలం చల్లి, నడుము కట్టుతో కట్టి తీసుకొచ్చిందని చెప్పుకుంటారు. అది వాళ్ళ ఊరి కథ, చరిత్ర కాదు. కానీ గిన్నెల మార్తని కాకుండా రాక్షసిని కట్టేసిన మార్తని చూసుకున్నారు వాళ్ళు, అది నాకు నచ్చింది. కాథలిక్కులు జూలై 29న ఆమెను తలుచుకుంటారు. 2021 నుంచి ఆ రోజున మరియనీ లాజరునీ కూడా కలిపారు.

ప్రశ్నలుంటే అడగండి. చెప్పమ్మా. మనవరాలికి మార్త అని పెడితే పాత పేరని కాలేజీలో ఏడిపిస్తున్నారట, మార్చుకుంటానంటోందట. ఆ అమ్మాయిని నా దగ్గరికి ఒకసారి తీసుకురండి. మార్చుకోవద్దని బలవంతం చేయను, పేరు ఆమెది. పల్లకీ మార్త కథా, అశోకుడి శాసనం కథా చెబుతాను, ఆ పైన ఆమె ఇష్టం.

ఇంకొకరు, అరామిక్ నుంచి వచ్చిన ఆడపిల్లల పేర్లు ఇంకేమున్నాయి అంటున్నారు. తబిత ఉంది, మంచి పేరు, జింక అని అర్థం. యొప్పేలో విధవరాండ్రకి బట్టలు కుట్టిపెట్టిన ఆవిడ, గ్రీకులో దొర్కా అంటారు, అపొస్తలుల కార్యములు 9వ అధ్యాయం. తలిత అని కూడా ఈ మధ్య పెడుతున్నారు, అది చనిపోయిన చిన్నపిల్లని లేపుతూ యేసు అన్న "తలీతా కుమీ" లో మాట, చిన్నపిల్ల అని అర్థం. సప్పీర కూడా అరామిక్కే, అందమైనది అని. కానీ అబద్ధమాడి అక్కడికక్కడే ప్రాణం విడిచిన ఆమె కథ తెలిశాక ఎవరూ పెట్టరు.

చివరి ప్రశ్న, మాస్టారు అడుగుతున్నారు, మార్త అని రాయాలా, మార్తా అని దీర్ఘం పెట్టాలా? అరామిక్‌లో చివర దీర్ఘమే. తెలుగులో సీత, రాధ లాగా ఆడవాళ్ళ పేర్ల చివర కురచ చేసుకుంటాం కాబట్టి మన బైబిలులో మార్త అని ఉంది. పిలిచేటప్పుడు ఎలాగూ "మార్తా" అని సాగదీస్తాం కదా, అప్పుడు అసలు ఉచ్చారణే వస్తుంది. రాయడానికి రెండూ తప్పు కాదు. అయితే పదో తరగతి సర్టిఫికెట్టులో ఎలా ఉందో ఆధార్లో, పాస్‌బుక్కులో కూడా అలాగే ఉంచండి, ఇంగ్లీషు స్పెల్లింగుతో సహా. ఒకచోట మార్త, ఇంకోచోట మార్తమ్మ అని ఉంటే పెన్షన్ దగ్గర పెద్ద టెన్షన్. మీ ఇంట్లో అలా ఉంటే ఇప్పుడే సరిచేయించుకోండి.